మేరీ హాలు గోడ మీద

కార్ఖానా,
4 ఆగస్టు 2025

ప్రియమైన తమ్ముడు, మన చర్చి శతజయంతి ఉత్సవ కమిటీ కార్యదర్శి సామ్యూల్ గారికి,

నీ అక్క బ్యూలా రాస్తున్నది. ఇక్కడి నుంచి మల్కాజ్‌గిరికి ఆటోలో అరగంట. అయినా ఉత్తరమే రాస్తున్నాను. ఈస్టర్ నాడు నీ నంబరు బ్లాక్ చేశాను, అది అలాగే ఉంటుంది. ఫోన్‌లో అయితే నువ్వు టీవీ చూసుకుంటూ "సరే అక్కా, సరే అక్కా" అంటావు. కాగితమైతే చచ్చినట్టు చదవాలి.

జెనిఫర్ చేత పంపిన ప్రత్యేక సంచిక ప్రూఫులు అందాయి. నీ కూతురు పాపం, "అత్తా, డాడీ జెర చూసియ్యమన్నడు, తప్పులుంటే దిద్దాలంట" అని గుమ్మంలోనే ఇచ్చి పారిపోయింది. ముప్పై నాలుగేళ్లు ఆడపిల్లలకు సోషల్ పాఠాలు చెప్పినదాన్ని, దిద్దకుండా ఉంటానా? పద్నాలుగో పేజీ దాకా బాగానే దిద్దాను. అక్కడ పెన్ను మూతపెట్టి పక్కన పడేశాను.

"మన సంఘపు ఆణిముత్యమైన నమ్మకస్తురాలు మేరీ, దొరగారి కుటుంబముతో అమెరికా వెళ్లి, పది సంవత్సరములు వారిని సంతోషముతో సేవించి తిరిగివచ్చెను." ఇది నీ రాతా, అమ్మిరాజు గారి రాతా? ఆ "వచ్చెను" చూస్తే అధ్యక్షుల వారి చెయ్యే అనిపిస్తోంది. ఆయన కూరగాయల చీటీ కూడా ఆ భాషలోనే రాస్తాడు కాబోలు.

మన అమ్మమ్మ పేరు మేరీ కాదు, హదస్సా. మిషనరీ దొరల ఇళ్లలో పిల్లల్ని ఎత్తుకున్న ప్రతి ఆయా వాళ్లకు మేరీయే. కొత్త పేరు నేర్చుకోవడానికి నోరు తిరగదు, తెలుగులో ప్రసంగాలు చెయ్యడానికి మాత్రం తిరుగుతుంది. ఇక ఆ పదేళ్లలో ఆమె వాళ్ల దగ్గర ఉన్నది మూడేళ్లే. మిగతా ఏడేళ్లు మెక్సికోలో, వాళ్లు వదిలేసిన చోట ఉంది. అది నీకూ తెలుసు, అమ్మ మనిద్దరికీ చెప్పింది. తెలిసిన సంగతిని తెలియదనడం నీకు ఉద్యోగంలోనే అలవాటైంది. సికింద్రాబాద్ స్టేషన్ విచారణ కౌంటర్‌లో ముప్పై ఏళ్లు అదే పని చేశావు.

నవంబరులో ఆ దొరసాని మునిమనవరాలు అమెరికా నుంచి వస్తోందట. ఆమె చేత్తో "మేరీ హాలు" తెరిపిస్తారట. చర్చి గోడ మీద ఏళ్లుగా ఉన్న అమ్మమ్మ ఫోటోను స్టూడియోలో తలుపంత పెద్దది చేయిస్తున్నారట. చేయించుకోండి. కానీ పద్నాలుగో పేజీ తీసెయ్యి. లేదంటే అందులో నిజం రాయి.

నీ క్షేమం కోరుతూనే తిడుతున్న అక్క,
బ్యూలా

*

మల్కాజ్‌గిరి,
13 ఆగస్టు

ప్రియమైన అక్కకు,

దేవుని సమాధానం నీ ఇంటి మీద నిలిచి ఉండాలని కోరుతూ తమ్ముడు సామ్యూల్ వ్రాయునది. మేమందరమూ క్షేమం. నీ మోకాలు ఎలా ఉంది? మెట్లు ఎక్కకు.

నీ ఉత్తరం రావడానికి ఆరు రోజులు పట్టింది. పోస్ట్‌మన్ కవరు మీద అడ్రసు చూసి, "సార్, కార్ఖాన నుంచా? నడుసుకుంట తెచ్చినా గింత లేట్ కాకపోతుండె" అని నవ్వాడు. నేనూ నవ్వాను. ఇంట్లో చెప్పలేదు.

అక్కా, నువ్వు చెప్పేది అబద్ధమని నేను అనడం లేదు. కానీ వందేళ్ల పండగ. అతిథులు అంత దూరం నుంచి వస్తున్నారు. ఇంటికొచ్చినవాళ్ల ముందు వాళ్ల ముత్తవ్వ చేసిన తప్పు చదువుతామా? అమ్మమ్మ ఎప్పుడైనా ఎవరినైనా నిందించిందా? ఆమె సాయంత్రం కుటుంబ ప్రార్థనలో అందరినీ దీవించేది, గుర్తుందా? గుంటూరు చిన్నమ్మ, బాపట్ల బావ, తొమాసమ్మ, కాలు విరిగిన పాలవాడు, పక్కింటి మేక దాకా పేరుపేరునా ప్రార్థన చేసేది. మన కంచాల్లో అన్నం చల్లారిపోయేది. అలాంటి క్షమించే మనసు ఆమెది. ఆ మనసును చూపించాలనే నా తాపత్రయం.

పెద్ద మనవరాలివి గనుక, ఆ రోజు సాక్ష్యం చెప్పవలసిందిగా కమిటీ నిన్ను ఏకగ్రీవంగా కోరింది. నీకు శ్రమ ఉండకూడదని ప్రసంగం నేనే రాసి జతపరిచాను. మూడు నిమిషాలు వస్తుంది. చదివేస్తే చాలు.

ఫోన్ సంగతి కొంచెం ఆలోచించు.

నీ ప్రియ తమ్ముడు,
సామ్యూల్

*

కార్ఖానా,
25 ఆగస్టు

ప్రియమైన, అతి వినయశీలుడైన తమ్ముడికి,

నీ ప్రసంగం దిద్ది వెనక్కి పంపుతున్నాను. పదికి రెండు. ఆ రెండూ చేతిరాతకు.

ఏకగ్రీవంగా కోరారట. కమిటీలో నువ్వు, అమ్మిరాజు గారు, ఆయన బావమరిది. ముగ్గురు మొగాళ్లు కూర్చుని ఒక ఆడమనిషి ఏడేళ్ల బతుకును మూడు నిమిషాలకు కుదించి, అది చదవడానికి ఇంకో ఆడమనిషిని పిలుస్తున్నారు. చాలా శ్రమపడ్డారు.

అమ్మ నీకు అరకొరగా చెప్పి ఉంటుంది కాబట్టి పూర్తిగా చెబుతాను, నిలబడి చదువు. అమ్మమ్మ మంచాన పడ్డ ఏడాది రోజూ నేనే తల దువ్వేదాన్ని. ముక్కలు ముక్కలుగా అప్పుడు చెప్పింది. నువ్వు పరేడ్ గ్రౌండ్‌లో క్రికెట్ ఆడుతున్నావు.

1916లో దొరగారి పిల్లలతో ఓడెక్కింది. పద్దెనిమిదేళ్లు. టెక్సాస్‌లో ఎల్ పాసో అనే ఊరు. ఊరి అంచున రియో గ్రాండే నది, అవతలి ఒడ్డున మెక్సికో వాళ్ల హువారెస్. నడుమ ఒక వంతెన. మన పాట్నీ నుంచి ప్యారడైజ్‌కు నడిచినంత దూరం ఉండదు. మూడేళ్ల తర్వాత ఒక ఆదివారం దొరగారు అవతలి ఊళ్లో వాక్యం చెప్పడానికి అందరినీ తీసుకుని వెళ్లాడు. తిరిగి వస్తుంటే వంతెన మీద అధికారి అమ్మమ్మను ఆపాడు. మన దేశం వాళ్లను రానివ్వకూడదని రెండేళ్ల కిందటే చట్టం వచ్చింది. చదువుకునేవాళ్లకు, పాదిరులకు మినహాయింపు ఉంది. ఆయాలకు లేదు. దొరగారు పావుగంట వాదించాడట. ఎండగా ఉందని దొరసాని తొందరపెట్టిందట. అమ్మమ్మ చంకలో ఉన్న చిన్నదాన్ని తీసుకుని "రేపు వచ్చి తీసుకెళ్తాం మేరీ" అని వెళ్లిపోయారు. మూడు రోజులు ఆమె వంతెన మొదట్లోనే కూర్చుంది.

అక్కడి ఆడవాళ్లు వందలమంది రోజూ వంతెన దాటి అమెరికా వాళ్ల ఇళ్లలో పనికి వెళ్లేవాళ్లు. పేలున్నాయని, రోగాలున్నాయని వాళ్లను గదిలోకి తోసి, బట్టలు విప్పించి, తల మీద కిరసనాయిలు పోసేవాళ్లు. బట్టలు ఆవిరిలో ఉడికించి చేతికిచ్చేవాళ్లు. ఆ తడి బట్టలతో వెళ్లి వాళ్ల పిల్లలకు అన్నాలు తినిపించాలి. అలా వెళ్లొచ్చే ఒకామె అమ్మమ్మకు రొట్టె పెట్టి, తన ఇంటికి తీసుకుపోయింది. అవతలి ఇళ్ల మైలబట్టలు మూటకట్టి తెస్తే ఇద్దరూ కలిసి ఉతికేవాళ్లు. ఒకరోజు మూట విప్పితే చిన్న గౌను కనబడింది. దాని అంచు కుట్టింది అమ్మమ్మే. దొరసాని ఇంటి బట్టలవి. బట్టలు వంతెన దాటి వచ్చి, ఆమె చేత ఉతికించుకుని, మళ్లీ దాటి వెళ్లిపోయేవి. ఆమె దాటడానికి లేదు. ఏడాది పాటు ఆ బట్టలు ఉతికింది సామ్యూల్. రొట్టె పెట్టినామె వెళ్లి "మీ మేరీ మా ఇంట్లో ఉంది" అని చెబితే, దొరసాని తలుపు కూడా తీయలేదు. కిటికీలోంచే "ప్రార్థన చేస్తాం" అని పంపించేసింది. తర్వాత వాళ్లు ఊరు మారిపోయారు. చివరికి ఆ వీధి ఆడవాళ్లే తలా ఒక చెయ్యి వేసి అమ్మమ్మను ఓడెక్కించారు.

సంతోషముతో సేవించెనట.

ఇంకో మాట. నీ తలుపంత ఫోటో మొన్న సండే స్కూలు గదిలో చూసి వచ్చాను. చిన్న ఫోటో ఎత్తున ఉన్నన్నాళ్లూ ఎవరికీ కనబడలేదు, ఇప్పుడు గుడ్డివాడికైనా కనబడుతుంది. ఆమె అమ్మమ్మ కాదు. అమ్మమ్మ కుడి ముంజేతి మీద తేలు పచ్చబొట్టు, మోచేతి దాకా. అది అన్యుల ఆచారమని దొరసాని ఇటుకపొడితో రుద్దించినా పోలేదు, చచ్చేదాకా ఉంది. ఫోటోలో ఆమె రవిక చేతులు పైకి మడిచి నిలబడింది, రెండు ముంజేతుల మీదా చుక్క మచ్చ లేదు. తల మీద ఉన్నది మన పైటకొంగు కాదు, అక్కడి ఆడవాళ్లు కప్పుకునే శాలువా. పక్కన బట్టలుతికే తొట్టి. మీ దొరలు అవతలి ఒడ్డున ఎవరో ఉతుక్కుతినే మనిషిని ఫోటో తీసి, అదే మేరీ అని మనకు అంటగట్టారు. నల్లగా ఉన్న ఆడవాళ్లంతా వాళ్లకు ఒక్కటే. అరవై ఏళ్లకు పైగా మన సంఘం ఊరూపేరూ లేని ఎవరో పరాయిదానికి మర్యాద చేస్తోంది. సిగ్గుచేటు. నవంబరు లోపు దాన్ని గోడ మీది నుంచి దించండి.

ఎర్ర పెన్నుతో,
నీ అక్క బ్యూలా

*

మల్కాజ్‌గిరి,
24 సెప్టెంబరు

ప్రియమైన అక్కా,

ఇన్నాళ్లు రాయలేదు. మొన్న ఆదివారం జరిగినదాని తర్వాత రాయక తప్పడం లేదు.

ప్రకటనల సమయంలో నువ్వు భూతద్దం పట్టుకుని లేచి నిలబడతావని నేను అనుకోలేదు. "ఈ ఫోటోలో ఉన్నది ఎవరో ఈ కమిటీలో ఏ మహానుభావుడికైనా తెలుసా" అని అడిగావు. పాదిరిగారు "పెద్దమ్మగారూ, కూర్చోండి" అంటే, "నేను కూర్చుంటే మీరంతా పడుకుంటారు" అన్నావు. వెనక బెంచీల పిల్లలు చప్పట్లు కొట్టారు. నా పక్కనున్న అమ్మిరాజు గారు, "మీ అక్కకు దిమాగ్ ఖరాబ్ అయిందా ఏందయ్యా" అని నన్ను అడిగారు. నేను పాటల పుస్తకంలో తర్వాతి పాట వెతికాను. అందుకు నువ్వు నన్ను ఇంకో ఉత్తరంలో తిడతావని తెలుసు.

కమిటీ నీ పేరు కార్యక్రమం నుంచి తీసేసింది. నేను వద్దనలేదు.

పచ్చబొట్టు నాకూ గుర్తుంది. నువ్వన్నది నిజం కావచ్చు. కానీ ఒక్కటి చెప్పు. ఆ ఫోటో పెట్టింది 1958లో. అమ్మమ్మ పోయింది 79లో. ఇరవై ఒక్క ఏళ్లు ప్రతి బుధవారం స్త్రీల సమాజానికి వెళ్లి, ఆ ఫోటో కిందనే కూర్చుంది. అది తాను కాదని ఆమెకు తెలియదా? ఒక్కసారైనా నోరు విప్పలేదే. ఎందుకు? అన్నీ తెలిసినదానివి కదా, నువ్వే చెప్పు.

సామ్యూల్

*

కార్ఖానా,
30 అక్టోబరు

ప్రియమైన తమ్ముడికి,

నెల రోజులు నీ ప్రశ్న నన్ను తిననివ్వలేదు, అందుకు కంగ్రాట్స్. పుట్టి బుద్ధెరిగాక నువ్వు నన్ను అడిగిన మొదటి మంచి ప్రశ్న అది.

జవాబు నాకు నచ్చలేదు గానీ, ఉన్నది ఒకటే. భయం. పేరు మార్చినా ఊరుకుంది, వంతెన దగ్గర వదిలేసినా ఊరుకుంది, ఎవరి ముఖమో తెచ్చి గోడకు పెట్టి ఇదే నువ్వు అన్నా ఊరుకుంది. దొరలంటే మన తాతముత్తాతలకు ఉన్న భయమే అమ్మమ్మకూ ఉంది. ఆమె మీద నాకు కోపం రావడం ఇదే మొదటిసారి. ఆ పోలిక నీకు వచ్చింది, నాకు రాలేదు.

నవంబరు పదహారో తారీఖు పండగకు నేను రాను. ఆ ఫోటో కింద మీరంతా వరసగా నిలబడి గ్రూప్ ఫోటో దిగండి. అమ్మిరాజు గారికి కొత్త కోటు కుట్టించారని విన్నాను. ఆయన్ను నడుమ నిలబెట్టండి, హాలుకు ఆయన పేరే పెట్టండి. కనీసం ఆ ముఖం ఎవరిదో అందరికీ తెలుసు.

ఇక ఉత్తరాలు వద్దు.

బ్యూలా

*

మల్కాజ్‌గిరి,
18 నవంబరు

ప్రియమైన అక్కా,

వద్దన్నావు, అయినా రాస్తున్నాను. కూర్చుని చదువు.

నీ నోరు మూయించాలనే ఈ నెల రెండో తారీఖున ఆరాధన అయ్యాక బస్సెక్కి తిరుమలగిరికి, ఆలిస్ పిన్ని దగ్గరకు వెళ్లాను. అమ్మ చెల్లెలు, అమ్మమ్మ ఇంట్లో చివరిదాకా ఉన్న మనిషి. ఆమె "ఇది మా అమ్మే" అంటే రికార్డు చేసి నీకు పంపిద్దామని నా ఆలోచన. పిన్నికి ఎనభై తొమ్మిది, చూపు ఆనడం లేదు. నా ఫోన్‌ను ముక్కు దగ్గరకు తెచ్చుకుని ఫోటో చూసింది. "అరె, తొమాసమ్మ. గింత పెద్దగ చేసిండ్రా" అంది.

కుటుంబ ప్రార్థనలో రోజూ వినబడే తొమాసమ్మేనా అని అడిగాను. "మల్ల ఇంకెవరు? మెక్సికోల అమ్మను ఇంట్ల పెట్టుకున్నామె. అసలు పేరు తొమాసా" అంది. అక్కా, నేను ఆమెను బాపట్ల బావ తరఫు చుట్టం అనుకున్నాను. నీకూ అంతేనా?

తర్వాత పిన్ని చెప్పింది చెప్పినట్టు రాస్తున్నాను.

"అది దొరలు పంపిన ఫోటో గాదు బిడ్డా. ఓడెక్కేటప్పుడు తొమాసమ్మ యాదికుండాలని ఇచ్చుకున్నది. యాభై ఎనిమిదిల ముసలి దొరసాని మల్ల వస్తున్నదని సంఘంల హడావుడి షురూ అయింది. మేరీ ఫోటో గోడకు పెడ్తే ఆమె ఖుషీ అయితదన్నరు. పాదిరిగారు ఇంటికొచ్చి ఫోటో అడిగిండు. అమ్మ పెట్టె తెరిచి ఇది తీసిచ్చింది. నేను పక్కకు గుంజి, ఇది నువ్వు గాదు గదనే అన్న. నోరు మూసుకొని చూస్తుండు అన్నది.

"దొరసాని వచ్చింది. ఫోటో ముంగట నిలబడి, అద్దాలు తుడుసుకొని, ఓ మై మేరీ అని ఏడ్సింది. తల వంచి ప్రార్థన చేసింది. పాదిరిగారు అమ్మను తోల్కపోయి, ఈమెనే మీ మేరీ అన్నడు. దొరసాని ఫోటోను చూసింది, అమ్మను చూసింది, మల్ల ఫోటోను చూసింది. అదే ముఖం, ఏం మారలేదు అన్నది.

"ఇంటికొచ్చి అమ్మ ఎంత నవ్విందో. కొంగు నోట్ల కుక్కుకున్నది. కిటికీల నుంచి ఎల్లగొట్టినామెకు తల వంచి నిలబడ్డది, సూస్తివా అన్నది. అట్ల అని, సేపటికి ఏడ్సింది సుత. నీ ఫోటో ఇయ్యకపోతివి ఎందుకే అంటే, గోడ మీద నేనెందుకు, నాకు పిల్లలున్నరు, నా పేరు వాళ్లు చెప్తరు, ఆమెకు ఎవరున్నరు అన్నది."

ఇన్నేళ్లు ఎందుకు చెప్పలేదు పిన్నీ అని అడిగాను. "ఎవరడిగిండ్రు? నువ్వు పండగకొస్తవ్, కేకు ఇచ్చి పోతవ్. బ్యూలా వస్తది, ఆమె చెప్తది, నేను వింట" అంది.

ఇక పదహారో తారీఖు సంగతి. నేను కమిటీకి ముందుగా ఏమీ చెప్పలేదు. చెబితే ఆపేస్తారని తెలుసు. నిజంగా నేను మాట్లాడగలనని కూడా నాకు నమ్మకం లేదు. స్వాగతం చెప్పడానికి మైకు ముందుకు వెళ్లి, రాసి జేబులో పెట్టుకున్న కాగితం తీయబోయాను. కాగితం వదిలేసి చెప్పాను. ఆ హాలు గోడ మీద ఉన్నది మేరీ కాదు, తొమాసా. మా అమ్మమ్మ పేరు మేరీ కాదు, హదస్సా. వంతెన దగ్గర మొదలుపెట్టి వరసగా చెప్పాను. కిరసనాయిలు దగ్గరకు వచ్చేసరికి అమ్మిరాజు గారు సైగ చేసి మైకు ఆపించారు. ముప్పై ఏళ్లు విచారణ కౌంటర్‌లో రైళ్ల రొదలో అరిచిన గొంతు అక్కా నాది. మైకు లేకుండానే వెనక బెంచీ దాకా వినబడింది. గౌను సంగతి చెప్పాను, కిటికీ సంగతి చెప్పాను, ముసలి దొరసాని అదే ముఖం అన్న సంగతి కూడా చెప్పాను. జెనిఫర్ పక్కన నిలబడి ఇంగ్లీషులో ఒక్క ముక్క వదలకుండా అమెరికా నుంచి వచ్చిన అమ్మాయికి చెప్పింది.

మునిమనవరాలు ఏమంటుందోనని అందరూ చూశారు. ఆమె ముఖం ఎర్రబడింది. తర్వాత ఆ గోడ మీదున్నామె పేరు మళ్లీ చెప్పమంది. రెండుసార్లు చెప్పించుకుని, చిన్న పుస్తకంలో రాసుకుంది. హాలు తెరవకుండానే వెళ్లి కూర్చుంది. రిబ్బను అలాగే ఉండిపోయింది, చివరికి వంటవాళ్లు గిన్నెలు లోపలికి తేవడానికి తెంపారు.

నిన్న నన్ను కార్యదర్శి పదవి నుంచి తీసేశారు. ఫోటో ఇంకా గోడ మీదే ఉంది. దాని కింద నేను తెల్ల కాగితం మీద స్కెచ్ పెన్నుతో రెండు పేర్లూ రాసి అంటించాను.

ఆగస్టులో నువ్వు రాసిన ఉత్తరం ఇందులో తిరిగి పంపుతున్నాను. ఒక వాక్యం కింద ఎర్ర గీత గీశాను. "ఊరూపేరూ లేని ఎవరో పరాయిదానికి మర్యాద." దొరలకు ఒక నల్లమనిషికీ ఇంకో నల్లమనిషికీ తేడా తెలియదని పై లైనులో రాశావు, కింది లైనులో ఇది రాశావు. మార్కులు వెయ్యడం నాకు రాదు. ఎన్ని వెయ్యాలో నువ్వే చూసుకో.

నీ తమ్ముడు,
సామ్యూల్

*

కార్ఖానా,
27 నవంబరు

ప్రియమైన సామ్యూల్,

సున్నా. నేనే వేసుకున్నాను.

నీ ఉత్తరం అందిన మర్నాడు ఆటో మాట్లాడుకుని హాలుకు వెళ్లాను. వాచ్‌మన్ తాళం తీసి, "ఏమో అమ్మా, అందరొచ్చి ఈ ఫోటోనే చూస్తున్రు" అన్నాడు. కుర్చీ వేయించుకుని ఎదురుగా కూర్చున్నాను. ముంజేతుల మీద చుక్క మచ్చ లేదని ఎంత గొప్పగా రాశానో. కిందికి చూడలేదు. ఆమె వేళ్ల సందులన్నీ సబ్బుకారం తినేసి పుళ్లు పడి ఉన్నాయి. అమ్మమ్మ వేళ్లకూ ఆ మచ్చలే ఉండేవి. తల దువ్వుతున్నప్పుడు ఆ చేతులు నా ఒళ్లోనే ఉండేవి.

ఏడాది పాటు కథంతా విన్నాను. వంతెన ఎంత పొడవని అడిగాను, ఏ సంవత్సరమని అడిగాను, దొరగారు ఏమన్నాడని అడిగాను. రొట్టె పెట్టినామె పేరేమిటని అడగలేదు. అడగాలని తోచలేదు. అమ్మమ్మ భయపడిందని నీకు రాశాను చూడు, అది తలుచుకుంటే ఇప్పటికీ తల ఎత్తలేకపోతున్నాను. ఆమె ఇరవై ఒక్క ఏళ్లు ఆ ఫోటో కింద కూర్చున్నది భయంతో కాదు, స్నేహితురాలి పక్కన కూర్చుంది. మనమెవరమైనా కనిపెడతామేమోనని చూసి ఉంటుంది కూడా.

అవును, నేనూ బాపట్ల బావ తరఫు చుట్టమే అనుకున్నాను. చిన్నప్పటి నుంచి ఆమె పోయేదాకా రోజూ ఆ పేరు విని, ఆమెన్ అన్నాను.

నిన్న ఆలిస్ పిన్ని దగ్గర రెండు గంటలు కూర్చున్నాను. నేనేమీ మాట్లాడలేదు. పిన్ని కంగారుపడి, "ఒంట్లో మంచిగ లేదా బిడ్డా" అని అడిగింది.

అమ్మిరాజు గారి మీద నా అభిప్రాయం మారలేదు. కొత్త కోటుకు భుజాల దగ్గర కుట్టు సరిగ్గా లేదని కూడా విన్నాను. నీ మీద మాత్రం మారింది. అది నువ్వు ఎవరికీ చెప్పనక్కరలేదు.

సాయంత్రం ప్రార్థన నేను మానేసి చాలా ఏళ్లయింది. ఒంటరిదాన్ని, ఎవరికోసమని. నిన్న వచ్చాక కంచంలో అన్నం పెట్టుకుని, కళ్లు మూసుకుని, అమ్మమ్మ చెప్పిన వరసలోనే పేర్లు చెప్పాను. గుంటూరు చిన్నమ్మ, బాపట్ల బావ, ఎవరూ లేరు ఇప్పుడు, అయినా చెప్పాను. తొమాసా దగ్గరకు వచ్చి ఆగిపోయాను. తర్వాత హదస్సా, ఆలిస్, జెనిఫర్, నువ్వు.

కళ్లు తెరిచేసరికి అన్నం చల్లారిపోయింది. అదే తిన్నాను.

నీ అక్క,
బ్యూలా